లెక్క తప్పని మాయ



నేను కూర్చున్న ఈ చిన్న గదిలో ఎదుటి గోడకు ఒక గడియారం ఉంది. దాని పక్కన ఒక ఎర్రదీపం. దీపం వెలిగితే నా మాట మీ ఇంటికి చేరుతున్నట్టు లెక్క. నాకిచ్చిన నిమిషాలు దాటితే, నేనెంత గొప్ప మాట మధ్యలో ఉన్నా సరే, మీకు వినబడేది తర్వాతి కార్యక్రమమే. అందుకే రేడియోలో మాట్లాడేవాళ్ళు ఇంటి దగ్గరే కాగితాలు పైకి చదువుకుని, ఎక్కడ ఎంతసేపు పడుతుందో చూసుకుని మరీ వస్తారు. నిన్న రాత్రి నేనూ అదే పని చేశాను. చేస్తూ ఉంటే కె.వి.రెడ్డి గారు గుర్తొచ్చారు. స్టాప్‌వాచీ చేత పట్టుకుని సినిమాలు తీసిన మనిషి. మనకు ‘మాయాబజార్’ ఇచ్చిన దర్శకుడు.

‘మాయాబజార్’ గురించి మనందరం చాలా విన్నాం, చాలా చెప్పుకున్నాం. రంగారావు గారి గద, సావిత్రి గారి కళ్ళు, ఘంటసాల గారి గొంతు, ఎన్నిసార్లు తలుచుకున్నా తనివి తీరదు. ఈ పూట మాత్రం నేను తెరమీది సంగతులు కాక, తెర వెనక సంగతులు చెబుతాను. ఆ సినిమా కెమెరా ముందుకు రాకముందు కాగితం మీద ఎలా తయారైంది, దర్శకుడు ఏం లెక్కలు వేసుకున్నాడు అన్నది.

ముందుగా ఒక చిన్న లెక్క. భయపడకండి, రెండో ఎక్కం వస్తే చాలు. పాత రోజుల్లో సినిమా ఫిల్ము మీద తీసేవారు కదా. తెరమీద ఒక సెకను గడవడానికి 24 బొమ్మలు కావాలి. ఒక అడుగు ఫిల్ములో 16 బొమ్మలు పడతాయి. అంటే సెకనుకు అడుగున్నర, నిమిషానికి 90 అడుగులు. ఇప్పుడు నేను అయిదు సెకన్లు ఊరుకుంటాను. మీరు మనసులో లెక్కపెట్టండి.

(అయిదు సెకన్ల విరామం)

అయింది. మీరూ నేనూ ఏమీ చేయకుండా గడిపిన ఆ కాస్త సమయానికి ఏడున్నర అడుగుల ఫిల్ము ఖర్చయింది. నిలువెత్తు మనిషిని మించిన పొడవు. మూడు గంటల సినిమాకు 16,200 అడుగులు కావాలి. నేలమీద పరిస్తే దాదాపు అయిదు కిలోమీటర్లు. అది కూడా ఒక్క టేకూ వృథా కాకుండా తీస్తేనే. ఆ ముడిఫిల్ము మన దగ్గర తయారయ్యేది కాదు, ఓడల మీద పరదేశాల నుంచి రావాలి. రెండో ప్రపంచ యుద్ధకాలంలో దానికి ఎంత కరువొచ్చిందంటే, సినిమా 11,000 అడుగులు దాటకూడదని ప్రభుత్వమే హద్దు పెట్టింది. కె.వి.రెడ్డి గారు దర్శకుడైనది సరిగ్గా ఆ రోజుల్లోనే.

ఆయన పూర్తి పేరు కదిరి వెంకటరెడ్డి. 1912లో అనంతపురం జిల్లా తాడిపత్రి ప్రాంతంలో పుట్టారు. మద్రాసులో సైన్సు చదువుకున్నారు. సినిమా లోకానికి ఆయన కవిగానో నటుడిగానో రాలేదు, క్యాషియరుగా వచ్చారు. 1938 నాటి ‘గృహలక్ష్మి’కి డబ్బు లెక్కలు చూశారు. తర్వాత వాహినీ సంస్థ పుట్టినప్పుడు బి.యన్.రెడ్డి గారి దగ్గర నిర్మాణ వ్యవహారాలు చూసుకున్నారు. ఏ సెట్టుకు ఎంత కలప పట్టింది, ఏ రోజు ఎంతమందికి భత్యం ఇచ్చాం, ఎన్ని అడుగుల నెగటివ్ వాడాం, ఎన్ని అడుగులు చెత్తబుట్టలోకి పోయాయి, ఇవన్నీ ఆయన కళ్ళముందు ఖాతా పుస్తకంలో అంకెలుగా నడిచాయి. 1943లో నాగయ్య గారితో ‘భక్త పోతన’ తీసి దర్శకుడయ్యారు. కుర్చీ మారింది గానీ క్యాషియరు ఆయనలో అలాగే ఉండిపోయాడు. ఆయన గొప్పతనంలో సగం వాటా ఆ క్యాషియరుదేనని నా నమ్మకం.

ఎందుకంటారా? జమాఖర్చులు రాసేవాడికి ఒక గుణం ఉంటుంది. ప్రతి రూపాయినీ ‘నువ్వెందుకు ఖర్చయ్యావు?’ అని నిలదీస్తాడు. కె.వి.రెడ్డి గారు అదే ప్రశ్న ప్రతి సన్నివేశాన్నీ వేశారు. నువ్వెందుకున్నావు? నీ వల్ల కథ ముందుకు నడిచిందా, పాత్ర స్వభావం తెలిసిందా, లేక నవ్వొచ్చిందా? ఈ మూడింటిలో ఒక్కదానికీ పనికిరాకపోతే, ఎంత అందంగా ఉన్నా కాగితం దగ్గరే దాని ప్రయాణం ఆగిపోవాలి. ఫిల్ము దాకా రానివ్వకూడదు.

‘మాయాబజార్’ తీసుకోండి. శశిరేఖా పరిణయం మన నాటకాల వాళ్ళకు, తోలుబొమ్మలవాళ్ళకు కొట్టినపిండి. వ్యాసభారతంలో మటుకు ఈ పెళ్ళి కథ లేదు, జనం అల్లుకున్న కథ. దీన్ని ఎవరు ఎత్తుకున్నా పాండవుల జూదం, అరణ్యవాసం, అయిదుగురి అవమానం చూపించాలనే అనుకుంటారు. కె.వి.రెడ్డి గారు, రచయిత పింగళి నాగేంద్రరావు గారు కలిసి చేసిన పని చూడండి. మూడు గంటల పైచిలుకు సినిమాలో పంచపాండవులు ఒక్కసారి కూడా కనిపించరు. ధర్మరాజు లేడు, భీముడు లేడు, అర్జునుడు లేడు. ద్రౌపది కూడా లేదు. జూదం సంగతి కబురుగా వినిపిస్తుంది, అంతే. సినిమా చూస్తున్నప్పుడు మనలో ఎవరికైనా ఆ లోటు తెలిసిందా? చాలామందికి ఎవరో చెప్పాకే తెలుస్తుంది. నాకైతే ఏడెనిమిదిసార్లు చూశాక, ఒక పెద్దాయన అడిగితే గానీ తట్టలేదు.

ఇది ఫ్లోరు మీద పుట్టే ఆలోచన కాదు. గదిలో కూర్చుని, కాఫీలు తాగుతూ, వారాల తరబడి కథ మీద తర్జనభర్జనలు పడితే పుట్టేది. ఈ కథ ఎవరిది? ఒక పెళ్ళికూతురిది. ఆమెకు అడ్డం ఎవరు? ధనం చూసి మాట మార్చిన పుట్టింటివాళ్ళు. మరి పాండవులు ఎదురుగా వస్తే ఏమవుతుంది? ప్రేక్షకుడి జాలి అటు పోతుంది. పెళ్ళి కథ కాస్తా భారత కథ అయిపోతుంది. అందుకని తీసెయ్యి. ఇంత పెద్ద కొట్టివేత చెయ్యాలంటే గుండె ధైర్యం ఉండాలి.

ఏమి తీసేశారో చూశాం. ఏమి పెట్టారో కూడా చూద్దాం. ప్రియదర్శిని అనే పెట్టె మీకు గుర్తుండే ఉంటుంది. మూత తీస్తే ఎవరి మనసులో ఏది ఉంటే అది కనబడుతుంది. శశిరేఖకు అభిమన్యుడు కనిపిస్తాడు. రేవతీదేవికి నగలు, సంపద. బలరాముడికి ప్రియశిష్యుడు దుర్యోధనుడు. కృష్ణుడి వంతు వచ్చేసరికి శకుని! నిమిషాల్లో నలుగురి గుట్టూ బయటపడింది. రేపు ఈ తల్లి డబ్బుకు లొంగుతుంది, ఈ తండ్రి శిష్యుడి మాట వింటాడు, ఈ బాబాయి ముందే అంతా కనిపెట్టి ఉన్నాడు అని ప్రేక్షకుడికి తెలిసిపోయింది. ఉపన్యాసం లేదు, వ్యాఖ్యానం లేదు. ఇదే పని మాటలతో చేయించాలంటే ఎన్ని వందల అడుగులు పోయేవో! చివర్లో సత్యపీఠం కూడా అలాంటిదే. దానిమీద నిలబడ్డవాడు నిజం కక్కాల్సిందే. శకుని కుట్ర బయటపెట్టడానికి మరో సాక్షి అక్కర్లేకపోయింది.

పింగళి వారి మాటల సంగతి చెప్పేదేముంది. తల్పానికి గిల్పం, కంబళికి గింబళి. అస్మదీయులకు ఎదురుగా తసమదీయులు. ఇవాళ పత్రికల్లో శీర్షికలు పెట్టేవాళ్ళు కూడా ఆ మాటలు వాడుకుంటున్నారు. ఆ చిలిపి మాటలు ఏదో నోటికొచ్చి దొర్లినట్టు ఉంటాయి గానీ, షూటింగుకు వెళ్ళేనాటికి అవి ఒక్కొక్కటీ రాతలో ఖాయమైపోయి ఉండేవి. ఈ సినిమాకు ముందస్తు ఏర్పాట్లే దాదాపు ఏడాది పట్టాయి. కళాదర్శకులు గోఖలే, కళాధర్ గార్లు బొమ్మలు గీశారు. ద్వారకానగరాన్ని చిన్నచిన్న ఇళ్ళతో, మేడలతో నమూనాగా కట్టారు. తెరమీద మనం ఎత్తు నుంచి చూసి అబ్బురపడ్డ ఆ మహానగరం, స్టూడియోలో మనుషుల మోకాళ్ళ మధ్య ఒదిగే నగరమే.

ఇక రిహార్సళ్ళు. రంగారావు గారు, సావిత్రి గారు, రేలంగి గారు అప్పటికే చేయి తిరిగినవాళ్ళు. అయినా అందరూ నాటకం ఆడబోయేవాళ్ళ లాగా ముందు కూర్చుని, తర్వాత నిలబడి సన్నివేశం ఆడి చూపించాలి. దర్శకుడి చేతిలో స్టాప్‌వాచీ. బలరాముడి వేషం వేసిన గుమ్మడి వెంకటేశ్వరరావు గారు తర్వాతి రోజుల్లో ఈ సంగతి చెప్పారు. ప్రతి సన్నివేశానికి ఎంతసేపు పడుతుందో కె.వి.రెడ్డి గారు గడియారం పెట్టి చూసుకునేవారట. పాటలతో సహా అన్నీ కూడుకుని, సినిమా ఎన్ని అడుగులు వస్తుందో తీయకముందే తేల్చేవారట.

ఇక్కడొక సందేహం వస్తుంది. ఇలా సెకన్లు లెక్కపెడితే నటన బిగుసుకుపోదా? గడియారం టిక్కుటిక్కుమంటుంటే కన్నీళ్ళు ఎలా వస్తాయి? నాకూ ఈ సందేహం ఉండేది. దానికి సమాధానం సావిత్రి గారే ఇచ్చారు. మాయా శశిరేఖను గుర్తు తెచ్చుకోండి. ఒంట్లో ఉన్నది ఘటోత్కచుడు, పైన కనిపించేది సుకుమారి. ఆడపిల్ల నడక మధ్యలో ఉన్నట్టుండి రాక్షసుడి అడుగు పడుతుంది. సిగ్గుపడుతున్న ముఖంలో కనుబొమ మీసంలా లేస్తుంది. అంతలోనే తమాయించుకుంటుంది. ఆ మార్పు ఒక సెకను ముందు వస్తే నవ్వు పండదు, ఒక సెకను ఆలస్యమైతే అతి అవుతుంది. అంత నిక్కచ్చిగా కుదరాలంటే ఘటోత్కచుడి వేషం వేసిన రంగారావు గారి నడక, చూపు, హుంకారం ఆమె లోపలికి ఇంకిపోవాలి. సాధన లేకుండా అది వచ్చేది కాదు. సంగీతం నేర్చినవాళ్ళకు ఈ సంగతి బాగా తెలుసు. తాళం మనసులో స్థిరపడ్డవాడే స్వేచ్ఛగా స్వరకల్పన చేయగలడు. స్టాప్‌వాచీ కె.వి.రెడ్డి గారి తాళం.

ఇప్పుడు మాయల దగ్గరికి వద్దాం. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్‌ట్లే. ఏర్కాడులో పుట్టిన ఆంగ్లో ఇండియన్. అప్పటికి కంప్యూటరు గ్రాఫిక్కులు లేవు. ఉన్నవి కెమెరా, ఫిల్ము, దీపాలు, ఓర్పు. ఆ కాలపు మాయలకు కొన్ని పద్ధతులుండేవి. మనిషి మాయమవ్వాలంటే కెమెరాను కదలనివ్వకుండా ఆపి, మనిషిని తప్పించి, మళ్ళీ తిప్పుతారు. అక్కడున్న మిగతావాళ్ళు ఊపిరి బిగబట్టి ఎక్కడివాళ్ళక్కడే నిలబడాలి. ఒకే చోట రెండు వేర్వేరు దృశ్యాలు కనబడాలంటే కటకానికి సగం నల్ల అడ్డు పెట్టి ఒకసారి తీస్తారు. ఫిల్మును వెనక్కి తిప్పి, అడ్డును రెండోవైపుకు మార్చి మళ్ళీ తీస్తారు. ఒక రూపం కరిగి ఇంకో రూపం కావాలన్నా అలాగే ఫిల్మును వెనక్కి తిప్పి, మొదటి బొమ్మ మీద రెండోది ఎక్కించాలి.

ఇందులో ప్రాణం ఎక్కడుందో గమనించారా? ఆ వెనక్కి తిప్పడంలో ఉంది. ఎన్ని బొమ్మలు ముందుకు వెళ్ళామో సరిగ్గా అన్ని బొమ్మలే వెనక్కి రావాలి. పది బొమ్మలు అటూ ఇటూ అయితే ఘటోత్కచుడి మీద పడాల్సిన శశిరేఖ గాలిమీద పడుతుంది. అప్పుడు రెండు టేకులూ పోయినట్టే. నేను ఈ ప్రసంగానికి ‘లెక్క తప్పని మాయ’ అని పేరు పెట్టుకున్నది ఇందుకే. తెరమీద మనల్ని నోరు తెరిపించిన ప్రతి అద్భుతం వెనకా ఒక కూడిక, ఒక తీసివేత ఉన్నాయి.

వెన్నెల్లో పడవ పాట మరీ విచిత్రం. ముందు అభిమన్యుడు, శశిరేఖ. తర్వాత కృష్ణుడు, రుక్మిణి. ఆ పైన బలరాముడు, రేవతి. ప్రేమ ఒక తరం నుంచి మరో తరానికి పడవలో ప్రయాణం చేస్తుంది. ఆ నిండు వెన్నెలలో ఎక్కువ భాగం చంద్రుడిది కాదు, స్టూడియో దీపాలది. నలుపు తెలుపు సినిమాలో వెన్నెల అంటే ఏమిటి? ఎంత నలుపు ఉంచాలి, ఎంత తెలుపు వదలాలి అన్న పాళ్ళే. బార్‌ట్లే గారి పేరు చెబితే తెలుగువాళ్ళు ఇప్పటికీ ముందుగా తలుచుకునేది ఆ వెన్నెలనే.

ఇంకో సంగతి. ఈ సినిమాను తెలుగుతో పాటే తమిళంలోనూ తీశారు. తమిళంలో అభిమన్యుడు జెమినీ గణేశన్. తెలుగు చిత్రం 1957 మార్చి 27న వచ్చింది, తమిళం మరుసటి నెలలోనే వచ్చింది. ఒకే సెట్టు, ఒకే దీపాలు, రెండు భాషలు, కొన్నిచోట్ల వేరే నటులు. ముందే అంతా తూకం వేసి పెట్టుకోకపోతే ఆ వ్యవహారం పెళ్ళివారి విడిదిలా గందరగోళం అయిపోయేది.

ఇంతవరకు విని, లెక్క వచ్చేస్తే చాలు ‘మాయాబజార్’ తీసేయొచ్చని ఎవరైనా అనుకుంటే పొరపాటు. కె.వి.రెడ్డి గారి జీవితమే ఆ మాట చెబుతుంది. 1951లో ‘పాతాళ భైరవి’, 1954లో ‘పెద్ద మనుషులు’, ఆ మరుసటి ఏడు ‘దొంగ రాముడు’, 1961లో ‘జగదేకవీరుని కథ’. ఇలా వరసగా నడిచిన చేయి తర్వాత తడబడింది. ‘సత్య హరిశ్చంద్ర’ను జనం అంతగా ఆదరించలేదు. 1968లో వచ్చిన రెండు సినిమాలూ నిరాశపరిచాయి. అదే దర్శకుడు, అదే స్టాప్‌వాచీ, అదే శ్రద్ధ. కాలం మాత్రం మారిపోయింది. రంగులు వచ్చాయి, ప్రేక్షకుల తొందర పెరిగింది, ఇష్టాలు మారాయి. సన్నివేశం ఎంతసేపు ఉండాలో గడియారం చెబుతుంది. ఆ సన్నివేశం ఈ ఏటి జనానికి కావాలో వద్దో అది చెప్పలేదు. ఆ దిగులు రోజుల్లో ఆయనకు చేయూతనిచ్చింది, ‘పాతాళ భైరవి’లో ఆయన తీర్చిదిద్దిన తోటరాముడే. ఎన్.టి.రామారావు గారు నిర్మించిన ‘శ్రీకృష్ణ సత్య’కు 1971లో కె.వి.రెడ్డి గారు దర్శకత్వం వహించారు. అదే ఆయన ఆఖరి సినిమా. 1972 సెప్టెంబరులో కన్నుమూశారు.

చేతి గడియారం ఆగినా, నేర్పిన పాఠం ఆగలేదు. ఆయన దగ్గర సహాయకుడిగా పనిచేసిన సింగీతం శ్రీనివాసరావు గారు 1987లో ‘పుష్పక విమానం’ తీశారు. సినిమా మొత్తం మీద ఒక్క మాట లేదు. మాట లేని చోట నవ్వు పుట్టాలంటే, మనిషి ఎప్పుడు తల తిప్పాలి, తలుపు ఎప్పుడు తెరుచుకోవాలి అన్నది సెకన్ల మీద ఆధారపడుతుంది. ఆ సినిమా చూసినప్పుడల్లా, గురువుగారి స్టాప్‌వాచీ శిష్యుడి జేబులోకి చేరిందని నాకు అనిపిస్తుంది.

నేటి సంగతి ఒక్క మాట చెప్పి ముగిస్తాను. ఇవాళ ఫిల్ము లేదు. కార్డులో ఎంతైనా నింపొచ్చు, నచ్చకపోతే చెరిపేయొచ్చు. ‘ముందు తీసేద్దాం, ఎడిటింగులో చూసుకుందాం’ అన్న మాట పెద్ద సినిమాల నుంచి కాలేజీ పిల్లల పొట్టి సినిమాల దాకా వినబడుతోంది. ఫిల్ము ఖర్చు తగ్గిన మాట నిజమే. నటుల ఓపిక ఖర్చు తగ్గలేదు, లైట్‌మన్‌ల చెమట ఖర్చు తగ్గలేదు. అన్నిటికీ మించి, చూసేవాడి కాలం ఖర్చు అసలే తగ్గలేదు. పది నిమిషాల్లో చెప్పాల్సింది ఇరవై నిమిషాలు లాగితే, ఆ మిగతా పదీ మనం ప్రేక్షకుడి జేబులోంచి తీసుకున్నట్టే. క్యాషియరు కె.వి.రెడ్డి గారు ఆ లెక్కను ఒప్పుకునేవారు కారు.

సినిమా తీయాలని ఉబలాటపడుతున్న తమ్ముళ్ళకు, చెల్లెళ్ళకు నాదొక చిన్న మనవి. కెమెరా అద్దెకు తెచ్చుకునే ముందు ఒక్క సాయంత్రం మీ స్నేహితులను కూర్చోబెట్టండి. రాసుకున్నది మొదటి నుంచి చివరి దాకా పైకి చదివించండి. మీ ఫోనులోనే స్టాప్‌వాచీ ఉంది, నొక్కండి. ప్రతి సన్నివేశం పక్కన ఎన్ని నిమిషాలు, ఎన్ని సెకన్లు పట్టిందో రాయండి. ఆ అంకెకు తగిన పని ఆ సన్నివేశం చేస్తోందా అని మిమ్మల్ని మీరే అడగండి. చేయడం లేదంటే, ఎంత ముద్దుగా రాసుకున్నా కొట్టేయండి. పాండవులనే తీసేసిన సినిమాను తెలుగువాళ్ళు డెబ్బై ఏళ్ళుగా నెత్తిన పెట్టుకుంటున్నారు.